కోట గుమ్మంలో తెల్లబూట్లు

"మీరేం చేస్తుంటారండీ?" అని ఎవరైనా అడిగితే నాకు ఒళ్లు మండేది. అడిగినవాళ్ల తప్పేం లేదు. న్యూజెర్సీలో, మా పిస్కాటవేలో ఏ బర్త్‌డే పార్టీకి వెళ్లినా, పేపర్ ప్లేటులో బిర్యానీ పెట్టుకుని పక్కన నిలబడ్డ ఆవిడ అడిగే మొదటి ప్రశ్న అదే. ఆవిడ ఏ టెస్టింగులోనో, ఫార్మాలో క్వాలిటీలోనో పనిచేస్తూ ఉంటుంది. నేను పదకొండేళ్లు ఉద్యోగం చేయడానికి వీల్లేని డిపెండెంట్ వీసా మీద ఉన్నాను. గుంటూరులో ఆరేళ్లు హైస్కూలు పిల్లలకి సోషల్ చెప్పినదాన్ని, ఇక్కడ "ఇంట్లోనే ఉంటానండీ" అని నవ్వేసి ఇంకో గరిటె పెరుగుపచ్చడి వేసుకునేదాన్ని. డాక్టరు దగ్గర ఇచ్చే ఫారంలో ఉద్యోగం అని ఒక గడి ఉంటుంది. అందులో చిన్న గీత గీసి ఊరుకునేదాన్ని.

వర్క్ పర్మిట్ చేతికొచ్చిన నెలలోనే ఒక ప్రకటన కనపడింది. హడ్సన్ నది వెంబడి పాత కోటలూ ద్రాక్షతోటలూ ఒక్కరోజులో చూపించి తీసుకొచ్చే టూర్ కంపెనీ. కంపెనీ అంటే ఒక మినీబస్సు, ఒక మొగుడూ పెళ్లాం, అంతే. అరవై దాటిన అమెరికన్ జంట. ఆయన బస్సు నడుపుతాడు, ఆవిడ మైకు పట్టుకుని చెబుతుంది. ఆవిడకి మోకాలి ఆపరేషన్ అయింది కాబట్టి గైడు కావాలట.

ఫోన్‌లో ఇంటర్వ్యూ చేశారు. స్పీకర్లో ఇద్దరూ ఉన్నారు. చరిత్ర తెలుసా అన్నారు. పాఠాలు చెప్పానన్నాను. రోజంతా జనంతో మాట్లాడగలవా అన్నారు. పక్కగదిలోంచి మా ఆయన నవ్వు వినపడింది. తర్వాత ఆవిడ అడిగింది, "వైన్ తాగుతావా?" అని.

"ఓ, బాగా" అన్నాను.

ఎందుకన్నానో ఇప్పటికీ తెలియదు. నా జన్మలో చుక్క ముట్టలేదు. వైన్ చూపించే ఉద్యోగానికి వైన్ తాగనిదాన్ని ఎవరు పెట్టుకుంటారు అని భయమేసింది, నోరు దానంతటదే కదిలింది. డైనింగ్ టేబుల్ దగ్గర లెక్కలు చేసుకుంటున్న మా అమ్మాయి తలెత్తింది. దానికి పదేళ్లు. "అమ్మా, నువ్వు వైన్ తాగవు కదా. దట్స్ లయింగ్" అంది. నీ హోంవర్క్ నువ్వు చూసుకో అన్నాను.

ట్రైనింగ్ అని నాలుగు ట్రిప్పులు తిప్పారు. ఓనరు భార్య ముందు సీట్లో కాలు చాపుకుని కూర్చుని, నేనేం చెబుతున్నానో వింటూ ఉండేది. ముందే పదహారు పేజీల స్క్రిప్టు టైపు చేసి ఇచ్చింది. కోటల భాగం నేను ఇష్టంగా నేర్చుకున్నాను. వైన్ భాగం మాత్రం ఎక్కాలు బట్టీపట్టినట్టు పట్టాను. ఈ ఎర్ర వైన్‌లో నల్ల చెర్రీ రుచి తగులుతుంది, కొంచెం పొగ, చివర్లో తడిసిన రాయి. తడిసిన రాయి రుచి ఎవరు చూశారు తల్లీ అని నాకు నవ్వొచ్చేది. అయినా కళ్లు అరమూసి, ఎంతో అనుభవించినదానిలా చెప్పేదాన్ని.

వైనరీలో, అంటే ద్రాక్షతోటవాళ్లు వైన్ చేసి రుచి చూపించే చోట, గైడుకి కూడా ఒక గుక్క పోస్తారు. కౌంటరు మీద ఒక చిన్న బకెట్ ఉంటుంది, నచ్చనిది అందులో పారబోయడానికి. నేను గ్లాసు పెదాల దాకా తెచ్చి, వాసన చూసి, తల పంకించి, ఎవరూ చూడని సమయం చూసి బకెట్‌లో వంపేసేదాన్ని. నాలుగు ట్రిప్పులూ అలాగే గట్టెక్కాను.

ఐదోది నేను ఒక్కదాన్నే చేయాల్సిన ట్రిప్పు. అది ఎలా వచ్చిందంటే, ఎడిసన్, పిస్కాటవే చుట్టుపక్కల పిల్లల దగ్గరికి వచ్చి ఆర్నెల్లు ఉండే పెద్దవాళ్లు కొంతమంది పొద్దున్నే పార్కులో కలిసి నడుస్తుంటారు. వాళ్లంతా ఒక వాట్సాప్ గ్రూపు పెట్టుకుని, మా బస్సు బుక్ చేయించుకున్నారు. తెలుగులో చెప్పే గైడు కావాలన్నారు. ఆ మాట విని ఓనరాయన నాకు ఫోన్ చేశాడు. ఆయన మాటలు తూకం వేసి వాడే మనిషి. "ఈ ట్రిప్ చూసి చెబుతాం" అన్నాడు. ఉద్యోగం ఉంటుందో ఊడుతుందో ఈ ట్రిప్పుతో తేలుతుందని దానర్థం.

ఆయన భార్య ఫోన్ తీసుకుని ఇంకో మాట చెప్పింది. కోట దగ్గర కాస్త అటూ ఇటూ అయినా పరవాలేదు, వైనరీ దగ్గర మాత్రం ఆలస్యం కాకూడదు, తలలు తక్కువ కాకూడదు. ఇరవై రెండు మంది అని చెప్పాక ఇరవై రెండు మందీ దిగాలి. లేకపోతే వాళ్లు మనకి మళ్లీ టైము ఇవ్వరు అంది.

సెప్టెంబరు చివరి శనివారం. ఏడింటికి రమ్మంటే అందరూ ఆరున్నరకే ఇండియన్ షాపు ముందు పార్కింగ్‌లో ఉన్నారు. పిల్లలు కార్లలో దింపుతున్నారు. "అమ్మా, ఫోన్ ఆన్‌లో పెట్టుకో." "నాన్నా, ఒక్కడివే ఎటూ వెళ్లకు." స్కూలు పిల్లల్ని ఎక్స్‌కర్షన్‌కి పంపుతున్నట్టే ఉంది. ఓనరాయన అట్టకి క్లిప్పు పెట్టిన ట్రిప్ షీటు తీశాడు. తేదీ, బస్సు నంబరు, మనుషుల లెక్క, గైడు పేరు. గైడు పేరు దగ్గర వాళ్లావిడ పేరు రాశాడు. నాలుగు ట్రిప్పులుగా అదే రాస్తున్నాడు. నేను చూడటం ఆయనా చూశాడు. నేను మైకు తీసుకున్నాను.

బస్సు కదిలిందో లేదో మొదటి సీట్లో పెద్దాయన చెయ్యెత్తాడు. ఇరిగేషన్‌లో ఎగ్జిక్యూటివ్ ఇంజినీరుగా రిటైరయ్యారట, అందరూ ఈఈ గారు అంటున్నారు. "అమ్మాయ్, ఈ కోట ఎవరు కట్టారు? ఎవరి మీద యుద్ధం చేశారు?"

"ఎవరి మీదా చేయలేదండీ. ఒక వ్యాపారస్తుడు యూరప్ వెళ్లి కోటలు చూసొచ్చి, అలాంటిది తనకీ కావాలని కట్టుకున్నాడు."

"యుద్ధం లేకుండా కోటెందుకు?"

"డబ్బెక్కువైతే ఏం చేస్తారండీ మరి" అన్నాను. బస్సంతా నవ్వింది.

అంతలో ఈఈ గారి భార్య లేచి నిలబడింది. ఆడవాళ్ల తరఫున మాట్లాడుతున్నానంది. "చూడమ్మా, కోట వరకూ సంతోషంగా వస్తాం. ఆ తర్వాత మందుకొట్టు ఏదో ఉందట. అక్కడ మాత్రం మేం బస్సు దిగం. మా పిల్లలు అది చూసుకోకుండా బుక్ చేశారు." వెనక పదకొండు తలలు ఊగాయి. అద్దంలోంచి ఓనరాయన కళ్లు నావైపు తిరిగాయి. ఏమంటున్నారు అని అడిగాడు. కోట గురించి చాలా ఉత్సాహంగా ఉన్నారని చెప్పాను. పొద్దున ఏడుంబావుకే ఒక అబద్ధం అయిపోయింది. ఆ తర్వాత దారిలో స్క్రిప్టు ప్రకారం కళ్లు అరమూసి, నల్లపండు, పొగ, తడిసిన రాయి అంటూ వైన్ వర్ణన కూడా తెలుగులో చెప్పేశాను.

కోట నిజంగా బావుంటుంది. నది ఒడ్డున గుట్ట మీద, బూడిదరంగు రాళ్లతో, నాలుగు బురుజులతో ఉంటుంది. మావాళ్లు ద్వారం కింద నిలబడి ముందు చేసిన పని చప్పట్లు కొట్టడం. గోల్కొండలో కింద కొడితే పైన వినపడుతుంది కదా, ఇక్కడా వినపడుతుందేమో చూద్దామని. ఇరవై రెండు మంది ఒకేసారి కొట్టేసరికి లోపల్నుంచి కోట ఉద్యోగి పరిగెత్తుకొచ్చింది. ఆవిడ అది తనకి స్వాగతం అనుకుని చెయ్యి ఊపింది. సరేలే అని వదిలేశాను.

అసలు సంగతి హాల్ గుమ్మం దగ్గర జరిగింది. లోపల ఇంత మందాన ఎర్ర తివాచీ పరిచి ఉంది. కోట ఉద్యోగి చెప్పింది నేను తెలుగులో చెప్పాను. "ఇది నూరేళ్లు దాటిన తివాచీ అండీ, ఇంట్లో అందరికంటే దీన్నే జాగ్రత్తగా చూసుకునేవారట. కాస్త మెల్లగా నడవండి." ఇంతే అన్నాను. ఈలోపు ఓనరాయన ఫోన్ చేస్తే అటు తిరిగి రెండు నిమిషాలు మాట్లాడాను. మళ్లీ ఇటు తిరిగేసరికి అందరూ లోపలున్నారు. ఎంత బుద్ధిగా నడుస్తున్నారో, చప్పుడే లేదు అని మురిసిపోయాను కూడా.

గంట చూశాం. మెట్లు, అద్దాలు, వ్యాపారస్తుడి పడకగది, ఆయన భార్య గౌన్లు. ఈఈ గారు ప్రతి దూలాన్నీ చేత్తో కొలిచారు. చివర్లో వెనక తలుపులోంచి తోటలోకి వచ్చాం. టూరంతా అలాగే ఉంటుంది, ముందు నుంచి వెళ్లి వెనక నుంచి బయటికి. అప్పుడు ఒకావిడ అంది, "అమ్మాయ్, రాళ్లు గుచ్చుకుంటున్నాయి, మా చెప్పులు తెప్పించవూ."

కిందికి చూశాను. నలభై నాలుగు పాదాలూ ఉత్తవే. కొన్నిటికి సాక్సులు, కొన్నిటికి మెట్టెలు.

ముందు గుమ్మానికి పరిగెత్తాను. అక్కడ ఒక్క చెప్పు లేదు. గుమ్మానికి అడ్డంగా ఉన్నాయని, వెనక వచ్చే గ్రూపు తట్టుకుని పడతారని, కోటవాళ్లు అన్నీ కలిపి రెండు పెద్ద లాండ్రీ బుట్టల్లో పడేసి లోపల పెట్టారు. బుట్టలు బయటికి తెచ్చి వంపితే నా తల ప్రాణం తోకకొచ్చింది. నాలుగైదు జతల చెప్పులు తప్ప మిగతావన్నీ తెల్లబూట్లు. ఒకటే కంపెనీ, ఒకటే మోడల్. పిల్లలందరూ ఒకే హోల్‌సేల్ షాపులో, ఒకే సేల్లో, అమ్మానాన్నలకి వాకింగ్‌కని కొన్నవి.

"ఎవరు తీయమన్నారండీ మిమ్మల్ని? నేను తీయమన్నానా?" అని అరిచేశాను. నాకు ముక్కు మీద కోపం, అదుపులో ఉండదు. అరిచాక వాళ్ల మొహాలు చూసి సిగ్గేసింది. ఒకావిడ మెల్లగా అంది, "అంత పాత ఇల్లు కదమ్మా, బూట్లతో ఎలా వెళ్తాం." మా ఇంట్లో నేనూ ఎవర్నీ బూట్లతో రానివ్వను.

ఈఈ గారు పనిలోకి దిగారు. "సైజుల ప్రకారం వరసలు పెట్టండి. ముందు ఏడు, తర్వాత ఎనిమిది. ఎడమవి ఇటు, కుడివి అటు." ఏదో ప్రాజెక్టు కట్టిస్తున్నట్టు కోట గుమ్మంలో బూట్లు పేర్పించారు. సైజు తొమ్మిదివి ఆరు జతలు తేలాయి. ఎవరిది ఎవరిదో తేల్చడానికి వాసన చూసినవాళ్లు కూడా ఉన్నారు. ఈలోపు ఎవరో పులిహోర డబ్బా తెరిచి, మమ్మల్ని వెతుక్కుంటూ వచ్చిన ఓనరాయనకి పేపర్ ప్లేటులో పెట్టిచ్చారు. ఆయన గడియారం చూసుకుంటూ నిలబడే తిన్నాడు. ఎండుమిరపకాయ పక్కన పెట్టాలని చెప్పేలోపు నమిలేశాడు. కళ్లలో నీళ్లు తిరిగాయి గానీ ప్లేటు ఖాళీ చేశాడు.

నలభై ఐదు నిమిషాలు పోయాయి. బస్సెక్కాక కూడా ఒకాయన కుడి బూటు బిగుతుగా ఉందని, ఇంకొకాయన వదులుగా ఉందని అంటూనే ఉన్నారు. మార్చుకోమంటే ఇద్దరూ వద్దన్నారు. ఎవరిది వాళ్లదే అని ఇద్దరికీ గట్టి నమ్మకం.

ఓనరాయన వైనరీకి ఫోన్ చేశాడు. పెట్టేశాక నాతో అన్నాడు, "మన టైము వేరే గ్రూపుకి ఇచ్చేశారు. గంట ఆగాలి. గది ఖాళీ అయ్యేదాకా తోటలో ఉండమన్నారు." ఆయన గొంతులో కోపం లేదు, అదే నన్ను ఎక్కువ భయపెట్టింది. ఆలస్యం కాకూడదన్నది అయిపోయింది. ఇక తలలు తక్కువ కాకూడదన్నది మిగిలింది. మైకు తీసుకుని తెలుగులో ఉన్న సంగతి చెప్పాను. "చూడండీ, నా ఉద్యోగం ఇవాళ్టితో తేలుతుంది. మందు తాగమని ఎవరూ అనరు. ముందు ద్రాక్షతోటలో కూర్చుంటాం, తోట చూడటానికైనా దిగండి."

వెనక నుంచి రెండో వరసలో, కిటికీ పక్కన, పొద్దున్నుంచీ నోరు మెదపని ఒక పెద్దావిడ ఉంది. డెబ్బై పైనే ఉంటాయి, ముక్కుకి రెండు వైపులా ముక్కుపుడకలు. వర్జీనియాలో, హెర్న్‌డన్‌లో కూతురి దగ్గరుంటూ, పది రోజులకని ఎడిసన్‌లో కొడుకు దగ్గరికి వచ్చిందట. ఆవిడ అంది, "ద్రాక్షతోటనా బిడ్డా? నేను దిగుత."

ఒకరు దిగుతానంటే ఇంకొకరికి ధైర్యం వస్తుంది. ఈఈ గారి భార్య కూడా, "తోట వరకే సుమా" అంటూ దిగింది.

గుట్ట వాలు మీద వరసలు వరసలుగా ద్రాక్ష తీగలు, ఒక్కో వరసకి ఇనుపతీగలు కట్టి. గుత్తులు నల్లగా పండి ఉన్నాయి. మిగతావాళ్లు ఫోటోలు తీసుకుంటుంటే ఆ పెద్దావిడ ఒక మొక్క దగ్గర నిలబడి, కాండం మీద చెయ్యేసి, కింద నుంచి పైదాకా చూసింది. "గిట్ల పొట్టిగ పెంచిన్రేంది? మా దిక్కు పందిరి మీద పారిస్తం. కింద మనిషి నడిచిపోవాలె."

"మీకు ద్రాక్షతోట ఉండేదా పెద్దమ్మా?" అన్నాను.

"శంషాబాద్ దిక్కు ఏడెకరాలు. నేను కాపురానికి వచ్చిన యేడాదే పందిరేసిన్రు."

నడుముకి కత్తెర కట్టుకున్న ఒక మనిషి ఇటు వచ్చాడు. తోట చూసుకునేదీ, లోపల వైన్ పోసేదీ ఆయనే. గది ఇంకా ఖాళీ కాలేదని చెప్పడానికి వచ్చాడు. పెద్దమ్మ ఆయన మాట వినిపించుకోకుండా, ఏడాదికి ఎన్నిసార్లు కత్తిరిస్తారో అడగమంది. అడిగాను. ఒక్కసారే, చలికాలం చివర్లో అన్నాడు. "ఒక్కసారేనా" అని ఆవిడ నవ్వింది. "మేం రెండుసార్లు కత్తిరిస్తం. ఎండాకాలం ఒకసారి, దసరా అయినంక ఒకసారి. ఎండాకాలంది కొమ్మ కోసం, దసరాది కాయ కోసం. శివరాత్రి దాటినంక కోత."

ఇంగ్లీషులో చెప్పాను. ఆయన కత్తెర నడుముకి ఉన్నదల్లా చేతిలోకి వచ్చింది. ఒక్క మొక్కకి రెండుసార్లా, ఎలా తట్టుకుంటుంది, ఎన్ని కణుపులు వదులుతారు అని ప్రశ్న మీద ప్రశ్న వేశాడు. పెద్దమ్మ వేళ్లు చూపించింది. ఆయనా వేళ్లు చూపించాడు. పిందెలప్పుడు గుత్తిలో సగం చిన్న కత్తెరతో తీసేసేవాళ్లమని, లేకపోతే కాయ ఎదగదని, రోజంతా మెడలు పైకెత్తి ఆ పని చేసి రాత్రికి అన్నం ముద్ద మింగలేకపోయేవాళ్లమని చెప్పింది. ఇద్దరి మధ్యలో నేను అటూ ఇటూ తిరిగి చెబుతూనే ఉన్నాను. పావుగంట తర్వాత గమనించాను, పదహారు పేజీల్లో ఒక్క మాట కూడా నా నోట్లోంచి రావడం లేదని. నాకు అంత హాయిగా మాటలు వచ్చి ఎన్నేళ్లయిందో. స్కూల్లో బోర్డు ముందు నిలబడినప్పుడు అలా వచ్చేవి.

ఆయన ఒక గుత్తి కోసి ఇచ్చాడు. పెద్దమ్మ ఒక కాయ నోట్లో వేసుకుని గింజలు అరచేతిలోకి ఊసింది. "తీపి మస్తున్నది. తోలు మందం, లోపలంత గింజలే. తినే పండు గాదిది." నేను చెప్పగానే ఆయన గట్టిగా నవ్వాడు. సరిగ్గా అందుకే వైన్‌కి పనికొస్తుంది, రంగంతా ఆ తోలులోనే ఉంటుందన్నాడు. చుట్టూ అందరూ చేరారు. ఫోటోలు ఆగిపోయాయి. ఈఈ గారు నీళ్లు ఎలా పెడతారని అడిగారు.

"ఇప్పుడు తోట ఏమైంది పెద్దమ్మా?" అన్నాను.

"అపార్ట్‌మెంట్లు లేచినయ్. మా పెద్దకోడలు ఐదో అంతస్తుల ఉంటది. పందిరి ఉన్న జాగనే."

"బాధగా ఉండదా?"

"ఉంటది. ఎందుకుండదు? ఆ ఇంట్ల పంటె నిద్ర పట్టది నాకు." అని, ఇంకో కాయ తీసుకుంది. నాకు కళ్లు చెమర్చాయి, ఆవిడకి మాత్రం లేదు.

గది ఖాళీ అయిందని కబురొచ్చింది. పెద్దమ్మ చుట్టాలింటికి వెళ్తున్నట్టు ముందు నడిచింది. ఆవిడ వెనక ఆడవాళ్లందరూ వచ్చేశారు, మందుకొట్టు మాట ఎవరికీ గుర్తులేదు. ఇరవై రెండు తలలూ లెక్కపెట్టుకున్నాను. వద్దన్నవాళ్లకి ద్రాక్షరసం ఇచ్చారు. ఈఈ గారు వైన్ గ్లాసు పట్టుకుని భార్యవైపు చూశారు. "తాగండి, నేను వద్దంటే ఆగే మనిషా మీరు" అందావిడ. ఒక గుక్క తాగి, దగ్గు మందులా ఉందన్నారు.

పెద్దమ్మ గ్లాసు తీసుకుని వాసన చూసింది. తాగలేదు. నావైపు తిరిగింది. "బస్సుల చెప్పినవ్ గద బిడ్డా, నల్లపండన్నవ్, తడిసిన రాయన్నవ్. నాకైతే రాయి ఏడ తెల్వలే. నువ్వు తాగినదానివి, చెప్పు. అసలెట్లుంటది?"

అందరూ నా నోటివైపు చూశారు. స్క్రిప్టు నాలుక చివరే ఉంది. మైకులో ఎన్నిసార్లో చెప్పిన మాటలు, ఎదురుగా ఆ మనిషి మొహం చూస్తూ రాలేదు. జీవితంలో ముప్ఫై ఏళ్లు ద్రాక్ష పండించిన మనిషి ఆవిడ.

"తెలియదు పెద్దమ్మా" అన్నాను. "నేనెప్పుడూ తాగలేదు."

ఈఈ గారు పొట్ట పట్టుకుని నవ్వడం మొదలుపెట్టారు. "మరి పొద్దున్నుంచీ కళ్లు మూసుకుని అంతంత వర్ణన చేశావేంటమ్మాయ్." గది గదంతా నవ్వింది. నేనూ నవ్వాను, ఏం చేయను. తలుపు దగ్గర నిలబడ్డ ఓనరాయన దగ్గరికొచ్చాడు. "ఏంటంత నవ్వు? నాకూ చెప్పు" అన్నాడు.

ఏదో ఒకటి కల్పించి చెప్పేయొచ్చు. ఆయనకి తెలుగు రాదు. ఇంటర్వ్యూలో ఎలా వచ్చిందో అలాగే అబద్ధం నోటి దాకా వచ్చింది కూడా. "తర్వాత చెబుతాను" అన్నాను.

తిరుగు దారిలో బస్సులో అంత్యాక్షరి మొదలైంది. నాకు ఏదీ చెవికెక్కలేదు. నలభై ఐదు నిమిషాలు ఆలస్యం చేశాను. ఇప్పుడు ఇది కూడా చెబితే ఇక అంతే. చెప్పకపోతే ఎవరికీ తెలియదు. మా అమ్మాయి మొహం గుర్తొచ్చింది. సాయంత్రం అది అడుగుతుంది, తప్పకుండా అడుగుతుంది.

సగం దారిలో డీజిల్ కోసం ఆపాడు. అందరూ బాత్రూములకి వెళ్లారు. నేను పంపు దగ్గరికి వెళ్లి ఆయన పక్కన నిలబడ్డాను. ఆపకుండా చెప్పేశాను. ఇంటర్వ్యూలో అబద్ధం చెప్పాను, వైన్ ఎప్పుడూ ముట్టలేదు, నాలుగుసార్లూ బకెట్‌లో పోశాను, ఇవాళ వాళ్లు నవ్వింది అందుకే. పొద్దున ఆడవాళ్లు వైనరీకి రామన్నారు, అది కూడా మీకు మార్చి చెప్పాను. ఈ ఉద్యోగం నాకు చాలా కావాలి, అందుకే ఆ అబద్ధాలు చెప్పాను. అంతే.

ఆయన డీజిల్ మీటరు వైపే చూస్తున్నాడు. "బకెట్ సంగతి తెలుసు" అన్నాడు. "మొదటి ట్రిప్పులోనే మా ఆవిడ చూసింది. తను కూడా అలాగే పోస్తుంది కదా, పట్టేసింది."

"ఆవిడా?"

"మా ఇద్దరికీ అలవాటు లేదు. నాకు ఒకప్పుడు మరీ ఎక్కువ ఉండేది. మానేసి ఇరవై ఏళ్లు దాటింది. నాకు తోడుగా తనూ మానేసింది."

"మరి ఆ నల్ల చెర్రీ, పొగ, అదంతా?"

"సీసాల వెనక చదివి రాసింది." మీటరు మీంచి చూపు నావైపు తిప్పి అన్నాడు, "తడిసిన రాయి మాత్రం తన సొంతం. అది రాసినప్పుడు ఇద్దరం చాలా నవ్వుకున్నాం."

నాకు అర్థం కాలేదు. "మరి ఇంటర్వ్యూలో వైన్ తాగుతావా అని ఎందుకడిగారు?"

"తాగేవాళ్లని పెట్టుకోం కాబట్టి. వారానికి రెండుసార్లు వైనరీలో నిలబడే పని ఇది. ఇదివరకు పెట్టుకున్న ఇద్దరు గైడ్లు అలాగే తాగుడు అలవాటై పాడయ్యారు." పంపు తీసి మూత బిగించాడు. "నువ్వేమో, ఓ, బాగా అన్నావు. వద్దనుకున్నాం. కోటల గురించి అంత ఇష్టంగా మాట్లాడావని మా ఆవిడ ఒకసారి చూద్దామంది. తాగవని మొదటి రోజే తెలిసింది. అబద్ధం ఎందుకు చెప్పిందో ఎప్పుడు చెబుతుందా అని ఇన్నాళ్లూ చూస్తున్నాం."

తాగను అని ఒక్క మాట నిజం చెప్పి ఉంటే ఆ రోజే ఫోన్‌లోనే ఉద్యోగం ఇచ్చేసేవాళ్లు. నెలన్నరగా నా ఉద్యోగానికి నేనే అడ్డంగా నిలబడ్డాను. నా మీద నాకే ఒళ్లు మండిపోయింది, ఆ వెంటనే ఎంత నవ్వొచ్చిందంటే పంపు పట్టుకుని నిలబడాల్సి వచ్చింది.

ఆయన బస్సులోకి వెళ్లి క్లిప్పు అట్ట తెచ్చాడు. వాళ్లావిడ పేరున్న కాయితం కిందికి తిప్పి, వచ్చే శనివారం షీటు పైకి తీశాడు. తేదీ, బస్సు నంబరు ఆయనే రాసి పెన్ను నాకిచ్చాడు. "ఆ పెద్దావిడ చెప్పిన రెండు కత్తిరింపుల సంగతి స్క్రిప్టులో కలుపు" అన్నాడు. "తడిసిన రాయి తీసెయ్. బూట్లు విప్పొద్దని మొదటి పేజీలో రాయి."

గైడు పేరు అన్న గడి ఖాళీగా ఉంది. బస్సు మెట్టు మీద కూర్చుని అట్ట ఒళ్లో పెట్టుకున్నాను. బాత్రూము నుంచి వచ్చిన పెద్దమ్మ నా ముందు ఆగింది.

"ఏం రాస్తున్నవ్ బిడ్డా?"

"నా పేరు పెద్దమ్మా."

"పెద్దగ రాయి" అంది. "అందరికీ కనవడాలె."

పెద్దగా రాశాను. చివరి రెండు అక్షరాలు గడి దాటి పక్క గడిలోకి పోయాయి.